జిందగీ గుల్జార్ హై: ఒంటరి అమ్మాయి డైరీ

‘జిందగీ గుల్జార్ హై’ అంటే జీవితం పూలతోట అని అర్థం. పాకిస్తాన్‌కు చెందిన హమ్ టీవీలో 2012 నవంబర్ 30 నుంచి 2013 మే వరకు వారానికొకటిగా ప్రసారమైన ఉర్దూ సీరియల్ ఇది. ఉమేరా అహ్మద్ తన నవల ఆధారంగా రాయగా, సుల్తానా సిద్దిఖీ దర్శకత్వం వహించారు. మొత్తం 26 ఎపిసోడ్లు.

కథ

కషఫ్ (సనమ్ సయీద్) తండ్రి, ముగ్గురూ ఆడపిల్లలే పుట్టారని మరో పెళ్లి చేసుకొని వెళ్లిపోతాడు. తల్లి రఫియా స్కూల్లో పనిచేస్తూ పిల్లల్ని చదివిస్తుంది. స్కాలర్‌షిప్‌తో యూనివర్సిటీలో చేరిన కషఫ్‌కు డబ్బున్న తోటి విద్యార్థుల మధ్య చోటు దొరకదు. జారూన్ (ఫవాద్ ఖాన్) తన గురించి చులకనగా మాట్లాడింది విన్నాక మరింత ముడుచుకుపోతుంది. చివరకు సివిల్ సర్వీస్ పరీక్ష పాసై అధికారి అవుతుంది. తర్వాత జారూన్‌తోనే పెళ్లవుతుంది.

ప్రత్యేకత

ఇందులో అత్తాకోడళ్ల కుట్రలు కథను నడపవు. కషఫ్, జారూన్ ఇద్దరూ డైరీ రాస్తారు, ఆ మాటలే మనకు వినిపిస్తాయి. అమ్మీ బాధపడుతుందని ఇంట్లో చెప్పలేని కోపం, అల్లాహ్ తనకే ఎందుకిలా చేశాడన్న ప్రశ్న, అన్నీ కషఫ్ ఆ కాగితాలకే చెప్పుకుంటుంది. ఉద్యోగం వచ్చినా ఆమె భయం పోదు. తనకు కవల ఆడపిల్లలు పుట్టినప్పుడు భర్త కూడా తండ్రిలాగే వదిలేస్తాడేమోనని వణుకుతుంది. జారూన్ సంతోషంగా ఎత్తుకున్నప్పుడు గానీ పాత గాయం మానదు.

విమర్శ

సొంత ఇష్టప్రకారం బతికే జారూన్ సోదరి సారా, కాబోయే భార్య అస్మారాలను తప్పు చేసినవాళ్లుగా చూపారన్న విమర్శ ఉంది. అది కొట్టిపారేసేది కాదు. కషఫ్‌కు దక్కిన గౌరవం వాళ్లకు దక్కలేదు.

మన దగ్గర

2014 జూన్ 23న మొదలైన జీ వారి ‘జిందగీ’ ఛానల్ దీన్ని భారత ప్రేక్షకులకు చూపించింది. 2016లో ఉరీ దాడి తర్వాత ఆ ఛానల్ పాకిస్తాన్ సీరియళ్లను ఆపేసింది. అయినా కథ పరాయిదనిపించదు. గజపతినగరం నుంచి విజయనగరం కాలేజీకి బస్సెక్కే అమ్మాయి, ఫీజు గురించి నాన్నను అడగాలా వద్దా అని ఆలోచించే అమ్మాయి, కషఫ్‌ను ఇట్టే గుర్తుపడుతుంది. అలాంటి పిల్ల ఇంట్లో మౌనంగా ఉంటే పొగరని అనుకోకుండా, పక్కన కూర్చొని ఏమైందని అడగడం మంచిది.