రాజేందర్ దావా: అమెరికా విశ్వవిద్యాలయాలలో అధ్యాపక నియామకాలు, న్యాయస్థానాలు

1973 సెప్టెంబరు 5న మిన్నెసోటా విశ్వవిద్యాలయంపై ఫెడరల్ న్యాయస్థానంలో ఒక దావా దాఖలైంది. వాది శ్యామలా రాజేందర్, భారతదేశం నుండి వెళ్ళిన రసాయనశాస్త్రవేత్త. ఆ విశ్వవిద్యాలయంలోనే తాత్కాలిక అసిస్టెంట్ ప్రొఫెసర్‌గా పనిచేశారు. టెన్యూర్‌కు దారితీసే పదవికి పలు కమిటీలు ఆమె పేరును సిఫార్సు చేసినా, ఆ పదవి ఆమెకు దక్కలేదు. తాను స్త్రీ కావడం, పరదేశంలో పుట్టడం ఇందుకు కారణాలని ఆమె ఆరోపించారు.

ఆ కాలంలో నియామకాలు జరిగే తీరు వేరు. ఖాళీ ఏర్పడితే విభాగాధిపతి తనకు తెలిసిన ఆచార్యుడికి ఫోను చేసేవాడు. ఆయన తన శిష్యులలో ఒకరి పేరు చెప్పేవాడు. అనేక పదవులకు బహిరంగ ప్రకటనే వెలువడేది కాదు. దీనినే అమెరికనులు ఓల్డ్ బాయ్ నెట్‌వర్క్ అన్నారు. మన కళాశాలల్లో ‘మనవాడు’ అన్న ఒక్క మాట చేసే పనీ ఇంచుమించు ఇదే. ఎవరికీ ఎవరి మీదా ద్వేషం లేకపోయినా, ఆ పరిచయాల వలయానికి వెలుపల ఉన్నవారికి ఖాళీ ఉన్న సంగతే తెలియదు. తెలియని పదవికి దరఖాస్తు చేయడం, అది దక్కలేదని ఫిర్యాదు చేయడం ఎలా సాధ్యం?

చట్టం కూడా చాలాకాలం విశ్వవిద్యాలయాల గుమ్మం దగ్గరే ఆగిపోయింది. ఉద్యోగాలలో వివక్షను నిషేధించిన 1964 నాటి పౌరహక్కుల చట్టంలోని ఏడవ అధ్యాయం విద్యాసంస్థల బోధనా సిబ్బందికి వర్తించేది కాదు. 1972 మార్చిలో కాంగ్రెస్ ఆ మినహాయింపును తొలగించింది. అదే ఏడాది జూన్‌లో, విస్కాన్సిన్‌లో ఒక్క సంవత్సరపు కాంట్రాక్టుపై పనిచేసిన డేవిడ్ రాత్ కేసులో సుప్రీంకోర్టు మరో దారి మూసింది: అటువంటి ఉపాధ్యాయుడిని మళ్ళీ తీసుకోకపోతే, కారణం చెప్పవలసిన బాధ్యత రాజ్యాంగపరంగా విశ్వవిద్యాలయానికి లేదన్నది. దానితో తాత్కాలిక అధ్యాపకులకు మిగిలిన ప్రధాన ఆయుధం వివక్ష చట్టమే. అయితే దానిని వాడుకోనిచ్చే విషయంలోనూ న్యాయమూర్తులు వెనుకాడేవారు. ఫెడరల్ కోర్టులు తలదూర్చకూడని రంగాలలో అధ్యాపక నియామకం ముందుంటుందని 1974లో న్యూయార్క్ అప్పీలు కోర్టు స్పష్టంగానే రాసింది.

ఈ నేపథ్యంలో రాజేందర్ దావా ఒక వ్యక్తి ఫిర్యాదుగానే మిగిలిపోయి ఉంటే, బహుశా ఓడిపోయేది. ఆమె యోగ్యత ఎంత అన్న చర్చలో నిపుణుల మాటే చెల్లుతుంది కదా. 1978లో న్యాయస్థానం దానిని క్లాస్ యాక్షన్‌గా, అంటే అదే స్థితిలో ఉన్న స్త్రీలందరి తరఫున సామూహిక దావాగా గుర్తించడంతో ప్రశ్న మారిపోయింది. ఒక అభ్యర్థి ప్రతిభ స్థానంలో విశ్వవిద్యాలయం ఎంపిక చేసే పద్ధతే విచారణకు వచ్చింది. పదకొండు వారాల విచారణ తర్వాత, 1980లో, న్యాయమూర్తి మైల్స్ లార్డ్ ఎదుట ఉభయపక్షాలు రాజీ డిక్రీకి అంగీకరించాయి. స్త్రీల పట్ల వివక్ష చూపరాదని కోర్టు విశ్వవిద్యాలయాన్ని ఆదేశించింది. ఇతర మహిళల ఫిర్యాదులను పరిష్కరించేందుకు ప్రత్యేక అధికారులు నియమితులయ్యారు. వందల సంఖ్యలో ఫిర్యాదులు వచ్చాయి. నియామకాలు ఏళ్ళ తరబడి కోర్టు పర్యవేక్షణలో జరిగాయి.

రాజేందర్‌కు దక్కినది లక్ష డాలర్లు. ఆమె న్యాయవాదులకు ముట్టిన రుసుము సుమారు ఇరవై లక్షలు. ఈ అంకెల తేడాను చూసి పెదవి విరిచేవారు ఉంటారు కానీ, అంత ఖర్చును ముందుగా భరించే న్యాయవాది లేకుంటే ఇటువంటి దావా ఏడేళ్ళు నిలబడేది కాదు. రాజేందర్ తిరిగి రసాయనశాస్త్ర బోధనకు వెళ్ళలేదు. న్యాయశాస్త్రం చదివి న్యాయవాది అయ్యారు. మరో సంగతి: సామూహిక దావాగా నిలిచినది స్త్రీల అంశం. ఆమె రెండవ ఆరోపణ, పుట్టిన దేశాన్ని బట్టి చూపిన వివక్ష, చరిత్రలో దాదాపు కనుమరుగైంది.

ఆ రెండవ అంశానికి దగ్గరగా వచ్చిన తీర్పు 1987లో వెలువడింది. పెన్సిల్వేనియాలోని సెయింట్ ఫ్రాన్సిస్ కళాశాల టెన్యూర్ నిరాకరించిన ఇరాక్ సంజాతుడు అల్-ఖజ్రాజీ, 1866 నాటి పౌరహక్కుల చట్టాన్ని ఆశ్రయించాడు. అరబ్బులు శ్వేతజాతీయులేనని కళాశాల వాదన. సుప్రీంకోర్టు పందొమ్మిదవ శతాబ్దపు నిఘంటువులను తిరగేసి, నాటివారి దృష్టిలో ‘జాతి’ అంటే వంశమూలం కూడానని తేల్చింది. కేవలం పుట్టిన దేశం మాత్రం ఆ చట్టం కిందకు రాదన్నది. 1990లో వార్టన్ స్కూల్ అధ్యాపకురాలు రోసలీ టంగ్ వ్యవహారంలో, ఆమెపై సహాధ్యాపకులు రాసిన రహస్య అభిప్రాయాలను సైతం విచారణ సంస్థకు చూపవలసిందేనని సుప్రీంకోర్టు ఏకగ్రీవంగా ఆదేశించింది.

ఈనాడు గ్రీన్ కార్డు కోసం ఎదురుచూసే విదేశీ అధ్యాపకుడికి కూడా ఈ కాగితాలతో పని ఉంది. పోటీ పద్ధతిలో ఎంపిక జరిగిందని, జాతీయస్థాయి వృత్తి పత్రికలో కనీసం ఒక ప్రకటన వెలువడిందని చూపి, ఎంపికైన పద్దెనిమిది నెలల లోపు విశ్వవిద్యాలయం కార్మికశాఖకు దరఖాస్తు చేయగలుగుతుంది. ఫోనులోనే పదవులు నిర్ణయమైన రోజుల్లో ఇటువంటి ఆధారాలు దొరకడం కష్టం.

2024 జులైలో నార్త్‌వెస్టర్న్ విశ్వవిద్యాలయపు లా స్కూల్‌పై మరో దావా పడింది. శ్వేతజాతి పురుషులను పక్కనపెట్టి స్త్రీలను, ఇతర జాతులవారిని నియమిస్తున్నారన్నది అందులోని ఆరోపణ. ఆ వాదులు ఆశ్రయించిన చట్టాలలో అల్-ఖజ్రాజీ వాడుకున్న 1866 నాటి చట్టమూ ఉంది.