ఫెజెంటు పక్షి, ఫెజెంటు పుట్టగొడుగు

అమెరికాలో వసంతకాలాన అడవి నుండి వచ్చినవాడు "ఫెజెంటు దొరికింది" అంటే, ఇంట్లోవారు రెండవ ప్రశ్న వేయవలసి ఉంటుంది. దొరికినది పక్షియా, పుట్టగొడుగా?

పక్షి పేరు చాలా పాతది. నేటి జార్జియా దేశంలో రియోని అనే నది ఉన్నది. ప్రాచీన గ్రీకులు దానిని ఫాసిస్ అనేవారు. అది ప్రవహించే సీమ కొల్కిస్. బంగారు ఉన్ని కోసం జేసన్ ఓడలో వెళ్ళినది అక్కడికేనని వారి పురాణం. ఆ నదీతీరపు పక్షి కాబట్టి దానికి ఫాసిస్ పక్షి అని పేరు వచ్చింది. 1758లో లిన్నేయస్ దానిని ఫాసియానస్ కొల్కికస్ అన్నాడు. నదీ, సీమా రెండూ ఆ రెండు మాటలలో ఇమిడిపోయాయి. చిత్రమేమంటే, అదే గ్రంథంలో ఆయన మన కోడిని కూడా ఫాసియానస్ ప్రజాతిలోనే చేర్చాడు! 1760లో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు బ్రిసన్ కోడికి గాలస్ అనే ప్రత్యేక ప్రజాతిని ఏర్పరచాడు. అయినా చుట్టరికం పోలేదు. కోడి, నెమలి, కౌజు, ఫెజెంటు అన్నీ నేటికీ ఒకే కుటుంబంలోనివి.

పుంజును గుర్తించడం సులభం. తల నిగనిగలాడే ఆకుపచ్చ, కంటి చుట్టూ ఎర్రని చర్మం, అడ్డుచారలుగల పొడవైన తోక. మెడచుట్టూ తెల్లని పట్టీ మాత్రం అన్నింటికీ ఉండదు. కొల్కిస్ ప్రాంతపు పక్షికి అది లేదు, చైనా పక్షులలో చాలావాటికి ఉన్నది. అమెరికాలో దీనికి "పట్టీమెడ ఫెజెంటు" అనే పేరు స్థిరపడడానికి కారణం ఇదే. షాంఘైలో అమెరికా కాన్సల్ జనరల్‌గా ఉన్న ఓవెన్ డెన్నీ 1881లో ఆరెగన్ రాష్ట్రానికి కొన్ని పక్షులను ఓడలో పంపాడు. చాలావరకు దారిలోనే చచ్చిపోయాయి. 1882లో మళ్ళీ పంపినవి విల్లమెట్ లోయలో నిలదొక్కుకొన్నాయి. పదేళ్ళలోనే, అంటే 1892 నాటికి, వాటి వేటకు అనుమతి ఇచ్చేటంతగా అవి పెరిగిపోయాయి.

పెట్టకు ఈ హంగులేవీ లేవు. లేతగోధుమ రంగుపై ముదురు మచ్చలతో, ఎండుగడ్డిలో కూర్చుంటే కంటికి ఆనదు. పుట్టగొడుగుకు పేరిచ్చినది ఈ పెట్ట వీపే.

ఆ పుట్టగొడుగును 1778లో ఇంగ్లండుకు చెందిన విలియం హడ్సన్ బోలిటస్ స్క్వామోసస్ అని వర్ణించాడు. స్క్వామోసస్ అంటే పొలుసులుగలది. 1821లో ఫ్రీస్ పాలిపోరస్ అన్నాడు. 1886లో కెలే సెరియోపోరస్ అన్నాడు. పాత పుస్తకంలో ఒక పేరు, కొత్త పుస్తకంలో మరొక పేరు చూసి విద్యార్థి కంగారుపడనక్కరలేదు. వస్తువు ఒకటే. ఐరోపాలో దీనికి "వనదేవత జీను" అనే ముద్దుపేరు కూడా ఉన్నది. ఎల్మ్, మేపుల్ వంటి చెట్ల మొద్దులపై అరలాగా పెరిగి, నిజంగానే గుర్రపు జీనులా కనబడుతుంది.

పై మచ్చలను మాత్రమే చూసి దీనిని నిర్ణయించరాదు. తిరగవేసి చూడాలి. అడుగున రేకులు ఉండవు, తెల్లని లేక మీగడ రంగు రంధ్రాలు ఉంటాయి. కాడ పక్కకు ఒదిగి, మొదట్లో నల్లగా ఉంటుంది. కోస్తే దోసకాయ లేక పుచ్చకాయ తొక్క వాసన వస్తుంది. ఈ నాలుగూ కలిస్తేనే ఆ పేరు పెట్టవచ్చు. పేరులో పక్షి ఉన్నంతమాత్రాన సరిపోదు. "అడవి పెట్ట", "అడవి కోడి" అనే ఇంగ్లీషు పేర్లు గల పుట్టగొడుగులు వేరే ఉన్నాయి, వాటి గుర్తులు వేరు. మన పొలాలలో తొలకరికి లేచే గొడుగులకైతే ఈ గుర్తులు అసలు పనికిరావు. వాటిలో విషపువి ఏవో అక్కడివారికి తెలియాలి.

తినదగినది లేతది మాత్రమే, అదీ ఉడికించిన తరువాతనే. ముదిరినది తోలులా సాగుతుంది. ఏరుకొనేవారు అంచును చాకుతో కోసి చూస్తారు. సులువుగా తెగినంత మేర బుట్టలో వేసుకొని, తెగని భాగాన్ని చెట్టుకే వదిలేస్తారు.