బెలూన్ల తుపాకీ నుంచి గన్ ఫర్ గ్లోరీ దాకా

మా తణుకు వైపు తీర్థాల్లో రంగుల రాట్నం పక్కన బెలూన్లు కాల్చే కొట్టు ఒకటి ఉంటుంది, చూసే ఉంటారు. మనలో చాలామందికి రైఫిల్ షూటింగ్ అంటే అంతే. గగన్ నారంగ్ గురించి కూడా ఇలాంటి కథే ఒకటి చెబుతారు, రెండేళ్ళ వయసులో మెరీనా బీచిలో బొమ్మ పిస్తోలుతో బెలూన్ పేల్చాడని. పుట్టింది చెన్నైలో (1983), పెరిగింది హైదరాబాదులో. 1997లో వాళ్ళ నాన్న ఎయిర్ పిస్టల్ కొనిస్తే బేగంపేటలో ఇంటి పెరట్లోనే మొదలెట్టాడు. ఉస్మానియాలో బీసీఏ చదివాడు కాబట్టి మన బాపతే అనుకోవచ్చు :)

అసలు 10 మీటర్ల ఎయిర్ రైఫిల్ ఎంత కష్టమో తెలిస్తేగానీ మిగతాది అర్థం కాదు. గుండు 4.5 మిల్లీమీటర్లు. కొట్టాల్సిన పదో నంబరు చుక్క అర మిల్లీమీటరు. అంటే గుండు కన్నా గురే చిన్నది! టెలిస్కోపు ఉండదు, నిలబడే కొట్టాలి. గుండె కొట్టుకున్నా గొట్టం కదులుతుంది. అప్పటి రూల్సులో 60 గుళ్ళు, 600 మార్కులు, మొదటి ఎనిమిది మంది ఫైనలుకి.

2008 బీజింగులో నారంగ్ 595 కొట్టాడు. ఎనిమిదో స్థానానికి స్కోరు సమానం. సమానమైతే చివరి పది గుళ్ళ స్కోరు చూస్తారు. అక్కడ వెనకబడి తొమ్మిదో వాడిగా బయటికొచ్చేశాడు. మన భాషలో చెప్పాలంటే సార్టింగులో రెండో కీ దెబ్బ కొట్టిందన్నమాట. 596తో లోపలికి వెళ్ళిన అభినవ్ బింద్రా బంగారంతో వచ్చాడు. ఒక్క పాయింటు తేడా, ఒకరు చరిత్ర, ఇంకొకరు ఫుట్‌నోట్. మూడు నెలలు తిరక్కుండా బ్యాంకాక్ వరల్డ్ కప్ ఫైనల్లో ఇదే మనిషి క్వాలిఫైయింగులో 600కి 600 కొట్టి, మొత్తం 703.5తో ప్రపంచ రికార్డు పెట్టాడు. 2010 ఢిల్లీ కామన్వెల్త్‌లో నాలుగు బంగారాలు కూడా వచ్చాయి.

2012 జులై 30, లండన్. క్వాలిఫైయింగులో 598, ఫైనల్లో 103.1, మొత్తం 701.1, కాంస్యం. బంగారం గెలిచిన రొమేనియా షూటర్ మొల్దొవియానుది 702.1. అతను ఫైనల్లో కొట్టిందీ 103.1యే! తేడా అంతా పొద్దున క్వాలిఫైయింగులో పోయిన ఒక్క పాయింటు. మన పేపర్లు ఈ సంగతి పట్టించుకుంటే బాగుండేది.

నా మటుకు నాకు నచ్చింది ఇంకోటి. పుణెలో సహచర షూటర్ పవన్ సింగ్‌తో కలిసి గన్ ఫర్ గ్లోరీ అకాడమీ పెట్టింది 2011లో. అంటే ఒలింపిక్ పతకానికి ముందే! మనవాళ్ళు సాధారణంగా రిటైరయ్యాక, చేతిలో పని లేక అకాడమీ పెడతారు. ఇతను గురి చూస్తూనే గురువయ్యాడు, 2016 రియో దాకా పోటీలూ మానలేదు. లండన్‌లోనే 50 మీటర్ల ప్రోన్‌లో నాలుగో స్థానంలో ఆగిపోయిన జయదీప్ కర్మాకర్ కూడా తర్వాత కోచే అయ్యాడు, మెహులీ ఘోష్ ఆయన శిష్యురాలే. ఓడిపోవడం బాగా తెలిసినవాళ్ళకి పాఠం చెప్పడమూ వస్తుందేమో.

గన్ ఫర్ గ్లోరీ నుంచి వచ్చిన ఇలవేనిల్ వలరివన్ 2019లో రియో వరల్డ్ కప్ బంగారం గెలిచింది. 2024 పారిస్ ఒలింపిక్స్‌లో మాత్రం 630.7తో పదో స్థానం. ఫైనలుకి మళ్ళీ ఎనిమిది మందే! గురువుగారు తొమ్మిది, శిష్యురాలు పది. అదే పారిస్‌లో, మేరీ కోమ్ తప్పుకున్నాక, మొత్తం భారత బృందానికి నాయకుడిగా వెళ్ళింది నారంగే. షూటింగులో మూడు కాంస్యాలు వచ్చాయి, అందులో రైఫిల్‌ది స్వప్నిల్ కుసాలేది. అతన్ని తీర్చిదిద్దిన దీపాలీ దేశ్‌పాండే కూడా 2004 ఏథెన్స్‌లో నారంగ్‌తో పాటే ఒలింపిక్స్ ఆడిన రైఫిల్ షూటర్. ఆవిడ మీద ఇంకో టపా రాయాలి.

గోదావరి జిల్లాల కుర్రాళ్ళకి ఇదంతా దూరం అనిపించొచ్చు. కానీ ఈ ఆటకి గ్రౌండు అక్కర్లేదు, పది మీటర్లు దాటిన హాలు చాలు. మా ఊళ్ళో కల్యాణ మండపాలు ముహూర్తాలు లేని నెలల్లో ఖాళీగానే ఉంటాయి మరి.