ఎస్పీజీ గుళ్లు: నంద్యాల సీమలో ఆంగ్లికన్ పల్లెల కథ

కర్నూలు నుంచి ఓర్వకల్లు రాతిగుట్టలు దాటి, పాణ్యం మీదుగా నంద్యాల చేరేసరికి మూడక్షరాల పేరొకటి పదేపదే వినబడుతుంది. ఎస్పీజీ హైస్కూలు, ఎస్పీజీ గ్రౌండ్, ఎస్పీజీ చర్చి. పెద్ద పెద్ద రాజకీయ సభలకు వేదికైన ఆ మైదానం తెలియనివాళ్లు జిల్లాలో తక్కువ. పేరు ఎక్కణ్నుంచి వచ్చిందో తెలిసినవాళ్లు మాత్రం పలచబడిపోతున్నారు. సొసైటీ ఫర్ ది ప్రాపగేషన్ ఆఫ్ ది గాస్పెల్ అని 1701లో లండన్‌లో పుట్టిన ఆంగ్లికన్ మిషన్ సంస్థ అది. ఇంగ్లండ్ రాజు శిరస్సుగా ఉన్న చర్చికి చెందిన సంస్థ రాయలసీమ మెట్టపల్లెల్లో ఎలా నిలదొక్కుకుందన్నది మన జిల్లా చరిత్రలో తప్పక చెప్పుకోవలసిన అధ్యాయం.

ఎస్పీజీ తెలుగు పని మొదట కడపలో మొదలైంది. అంతకుముందు లండన్ మిషన్ అనే మరో సంస్థలో పనిచేసిన విలియం హోవెల్ 1840లలో ఈ సంస్థలోకి వచ్చాడు. 1850లలో జాన్ క్లే అనే పాదిరి ముత్యాలపాడు చేరాడు. నేటి చాగలమర్రి మండలంలో ఉన్న పల్లె అది. కలెక్టరు కచేరీ ఉన్న పట్నాన్ని కాదని పల్లెలో మకాం పెట్టడానికి కారణం ఉంది. మాల, ఆ తర్వాత మాదిగ వాడలవాళ్లు తమకు చదువు చెప్పేవాణ్ని పంపమని అడిగారు. అడిగినవాళ్లు పల్లెల్లో ఉన్నారు కాబట్టి మిషన్ పల్లెలకు పోయింది. ఈ కథలో తెల్లదొరల పేర్లు రికార్డుల్లో మిగిలాయి. కానీ వాడవాడకూ తిరిగి, పగలు కూలికి పోయి వచ్చినవాళ్లకు రాత్రి దీపం కింద అక్షరాలు దిద్దించింది మనవాళ్లే అయిన ఉపదేశులు. చాలాచోట్ల బడీ గుడీ ఒకే పూరిపాక. వారంలో ఆరు రోజులు పలకలు, ఆదివారం ప్రార్థన.

ఆ పాకల స్థానంలో ఊరూరా కట్టడాలు లేచాయి. ఆంగ్లికన్ గుడికి ఒక పద్ధతుంది. తూర్పు కొసన బలిపీఠం, దానికి కాస్త ఎత్తయిన వేదిక, పడమటివైపు పొడుగాటి హాలులో జనం. మొనదేలిన కమాను కిటికీలు, ముందు చిన్న వాకిలి మంటపం, పైన గంట. ఈ నమూనా ఇంగ్లండ్ పల్లెలది. రాయీ, సున్నమూ, కూలి చేతులూ మాత్రం ఇక్కడివే. నాపరాయికి కొదవలేని సీమ ఇది. బేతంచెర్ల, కడప బండలు ఇంటి అరుగుకు ఎంత సహజమో గుడి నేలకూ అంతే సహజం. గోడ మందంగా, కిటికీ ఎత్తుగా ఉంటే మే నెల ఎండలోనూ లోపల కూర్చోవచ్చు. ఊరి దేవాలయంలో అడుగు పెట్టనివ్వని కాలంలో, వాడకు సొంతంగా ఒక రాతి కట్టడం ఉండటం ఎంత పెద్ద సంగతో ఇవాళ ఊహించుకోవడం కష్టం.

1876-78 కరువు ఈ సీమను కుదిపేసింది. 1871, 1881 జనాభా లెక్కలు పక్కపక్కన పెట్టి చూస్తే కర్నూలు జిల్లా సుమారు నాలుగో వంతు జనాన్ని పోగొట్టుకుంది. కరువులో గంజి పోసిన మిషన్లవైపు ఆ తర్వాత వేలమంది వచ్చారన్నది నిజం. గంజి కోసమే వచ్చారని తేల్చేయడం మాత్రం వాళ్లకు అన్యాయం చేయడమే. గంజి ఒక్క కరువుకు సరిపోతుంది. కరువు పోయాక కూడా వాళ్లు నాలుగైదు తరాలు ఆ గుళ్లను నిలబెట్టుకున్నారు.

1912 డిసెంబర్ 29న కలకత్తాలో వేదనాయకం శామ్యూల్ అజరయ్య బిషప్‌గా అభిషేకం పొందాడు. ఆంగ్లికన్ చర్చిలో తొలి భారతీయ బిషప్ ఆయన. తిరునల్వేలి పల్లెలో పుట్టిన తమిళుడు, తెలుగు నేర్చుకుని నిజాం రాజ్యంలోని డోర్నకల్‌లో స్థిరపడ్డాడు. కాలక్రమంలో కర్నూలు, కడప ఎస్పీజీ సంఘాలూ డోర్నకల్ అధ్యక్ష ఖండం (డయోసిస్) కిందికే వచ్చాయి. డోర్నకల్‌లో ఆయన కట్టించిన ఎపిఫనీ కెథడ్రల్ పాతికేళ్ల శ్రమ. డబ్బు చాలక పని ఆగుతూ సాగుతూ, చివరకు 1939 జనవరి 6న ప్రతిష్ఠ జరిగింది. గోపుర గుమ్మటాల్లో మసీదు పోకడ, స్తంభాల్లో దక్షిణాది గుడి పోకడ. చెక్కడాల్లో తామర, ఉమ్మెత్త, అరటిపువ్వు. తామర ఈ దేశానికి, ఉమ్మెత్త మరణానికి గుర్తు. తాను చచ్చి గెల ఇచ్చే అరటి, మరణంలోంచి వచ్చే జీవానికి గుర్తు. ఈ చివరిదాన్ని చదవడానికి చదువు అక్కర్లేదు, పెరట్లో అరటిచెట్టుంటే చాలు. ఇంగ్లండ్ కిటికీలను యథాతథంగా తెచ్చి పెట్టుకున్న పల్లె గుళ్లకన్నా ఇది ఎన్నో రెట్లు ముందడుగని నా నమ్మకం. ఆ దారిలో రాయలసీమలోనూ నాలుగు గుళ్లు లేచి ఉంటే ఎంత బాగుండేది!

అజరయ్య 1945 జనవరి 1న డోర్నకల్‌లోనే కన్నుమూశాడు. చర్చిల ఐక్యత కోసం ఆయన పాటుపడ్డ కల 1947 సెప్టెంబర్ 27న మద్రాసులో దక్షిణ ఇండియా సంఘంగా, అంటే సీఎస్ఐగా రూపం తీసుకుంది. నంద్యాల సీమలో మాత్రం కథ అడ్డం తిరిగింది. బిషప్ చేతి అభిషేకం లేని పాదిరుల సేవను తాము ఒప్పుకోలేమని 30 వేలకు పైగా విశ్వాసులు ఐక్యతకు వెలుపలే ఉండిపోయారు. కలకత్తా మెట్రోపాలిటన్ బిషప్ ఏలుబడిలో ఆంగ్లికన్లుగానే కొనసాగి, 1963లో సొంత అధ్యక్ష ఖండం పొందారు. 1970ల నడిమిలో గానీ సీఎస్ఐలో కలవలేదు. నంద్యాల హోలీ క్రాస్ కెథడ్రల్ నేటికీ ఆ ఖండానికి పీఠం. వాళ్ల నిర్ణయం సరైందా కాదా అన్నది వేదాంతుల వాదన. దొరలు చెప్పినట్టల్లా తలాడించే జనమని వీళ్లను తక్కువగా చూసినవాళ్లకు మాత్రం అంతకన్నా గట్టి జవాబు లేదు. దొరలు వెళ్లిపోయాక కూడా తమ ఆరాధన ఎలా ఉండాలో తామే తేల్చుకున్నారు, దానికోసం దాదాపు మూడు దశాబ్దాలు ఒంటరిగా నిలిచారు.

ఇప్పుడు ఆ పాత గుళ్లకు కొత్త ముప్పు వచ్చింది. బాగుచేస్తున్నామన్న ప్రేమతోనే సున్నపు గోడల మీద సిమెంటు పూస్తున్నారు. సున్నం తేమను బయటికి వదులుతుంది, సిమెంటు దాన్ని లోపలే బంధిస్తుంది; కొన్నేళ్లకు రాయి పొట్టు రాలుతుంది. ఇంకొన్ని చోట్ల ఇరుకైపోయిందని మొత్తం పడగొట్టి స్లాబు వేస్తున్నారు. సంఘ పెద్దలకు నా మనవి రెండే. గోడకు చెయ్యి పెట్టేముందు సున్నం పని తెలిసిన మేస్త్రీని ఒకసారి పిలిపించండి. బీరువాలో చెదలు పడుతున్న పాత బాప్తిస్మపు, పెళ్లి రిజిస్టర్లను వెంటనే ఫొటోలు తీయించి భద్రపరచండి. భూమి పట్టాల్లో, సర్కారు దస్తావేజుల్లో పేరు దొరకని మన తాతముత్తాతల పేర్లు వాటిలో ఉన్నాయి.