గృహరుణం: అసలు, వడ్డీ, అసలు ఖర్చు

ఇంటినో ఫ్లాటునో హామీగా పెట్టి బ్యాంకు లేదా గృహరుణ సంస్థ దగ్గర తీసుకుని, నెలనెలా సమానమైన వాయిదాల్లో ఏళ్ల తరబడి తీర్చే అప్పు గృహరుణం. ఆ నెలవారీ వాయిదానే ఈఎంఐ అంటారు. భారతదేశంలో ఈ అప్పు ఎక్కువగా 1882 నాటి ఆస్తి బదిలీ చట్టంలోని ‘హక్కు పత్రాల డిపాజిట్ ద్వారా తనఖా’ కిందికి వస్తుంది. ఇంట్లో మనమే ఉంటాం, దస్తావేజులు మాత్రం బాకీ తీరేదాకా బ్యాంకు దగ్గర ఉంటాయి.

ఈ అప్పుకు అయ్యే పూర్తి ఖర్చు వడ్డీ రేటు చూస్తే తెలియదు, ఈఎంఐ చూసినా తెలియదు. ఎన్ని నెలలు కడతాం, మధ్యలో రేటు ఎన్నిసార్లు మారుతుంది, ఏయే రుసుములు అప్పులోనే కలిసిపోయాయి, ముందుగా ఎంత కట్టగలిగాం అన్నవాటిని బట్టి అది తేలుతుంది. తెలుగులో ‘అసలు’ అంటే తెచ్చిన సొమ్ము, నిజమైనది అని కూడా. ఇక్కడ రెండర్థాలూ కావాలి.

ముప్పావలా కూడా లేని వడ్డీ

మన ఊళ్లలో వడ్డీని నెలకు నూటికి ఇంత అని చెప్పుకుంటారు. రూపాయి వడ్డీ అంటే ఏడాదికి 12 శాతం, రెండు రూపాయలంటే 24 శాతం. ఆ లెక్కన 8.5 శాతం గృహరుణం నూటికి 71 పైసల వడ్డీ, ముప్పావలా కూడా కాదు. నోటు రాయించుకుని రెండు రూపాయలకు తిప్పే చోట ఇది ధర్మవడ్డీలాగే వినిపిస్తుంది. అయితే నోటు అప్పు రెండు మూడేళ్లలో తీరిపోవాలనే చూస్తారు. ఇంటి అప్పు ఇరవై ఏళ్లు నడుస్తుంది.

50 లక్షల అప్పు, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు అనుకుందాం. వేరే చెప్పని చోట ఈ వ్యాసంలోని లెక్కలన్నీ ఈ అప్పువే. ఈఎంఐ 43,391 రూపాయలు. 240 నెలల్లో కట్టేది 1 కోటి 4 లక్షల 14 వేలు. అందులో వడ్డీ 54 లక్షల 14 వేలు, అసలు కన్నా ఎక్కువ.

వాయిదా లోపల ఏముంది

బ్యాంకు ప్రతి నెలా మిగిలి ఉన్న అసలు మీద వడ్డీ లెక్కగడుతుంది. మనం కట్టిన వాయిదాలోంచి ముందు ఆ వడ్డీ పోతుంది, మిగిలిందే అసలుకు జమ. మొదటి నెల వడ్డీ 35,417 రూపాయలు, కాబట్టి అసలులో తగ్గేది 7,974 మాత్రమే. మొదటి ఏడాదిలో 5 లక్షల 20 వేల పైచిలుకు కట్టినా అసలు లక్ష కూడా తగ్గదు.

పదేళ్లు గడిచాయి, సగం గడువు అయిపోయింది, 52 లక్షలు కట్టేశాం. బాకీ ఎంతని అడిగితే బ్యాంకు చెప్పే అంకె ఇంచుమించు 35 లక్షలు. ఇది విన్నవాళ్లు కంప్యూటర్లో ఏదో తప్పుందనుకోవడం సహజం. తప్పేమీ లేదు. వాయిదాలో అసలు వాటా వడ్డీ వాటాను దాటేది 143వ నెలలో, అంటే పన్నెండో ఏడు ముగియబోతుండగా. ‘బ్యాంకువాళ్లు ముందు వడ్డీ అంతా లాగేసుకుంటారు’ అనే మాట బాగా వినబడుతుంది కానీ, అది లెక్కకు నిలవదు. పెద్ద మొత్తం మన చేతిలో ఉన్నప్పుడు పెద్ద వడ్డీ పడుతుంది, అది తగ్గే కొద్దీ వడ్డీ కూడా తగ్గుతుంది.

అసలు తగ్గినప్పుడల్లా వడ్డీ తగ్గాలంటే లెక్క నెలనెలా జరగాలి. ఏడాదికోసారి మాత్రమే అసలును తగ్గించి చూసే పద్ధతి కూడా ఉంది. దాని ప్రకారం ఇదే అప్పుకు వాయిదా 44,030 అవుతుంది. నెలకు 639 రూపాయల తేడా చిన్నదిగా కనిపించినా 20 ఏళ్లకు లక్షన్నర దాటుతుంది. ఇక మొదట తీసుకున్న మొత్తం మీదే చివరిదాకా వడ్డీ వేసే ఫ్లాట్ రేటు అయితే, అదే 8.5 శాతానికి వడ్డీ 85 లక్షలు. రెండు చోట్లా చెప్పే రేటు ఒకటే కావచ్చు. అందుకే రేటు అడిగినప్పుడు అది దేని మీద, ఎన్నాళ్లకోసారి వేస్తారని కూడా అడగాలి.

గడువు

ఈఎంఐ తగ్గించడానికి సులువైన దారి గడువు పెంచడం. 30 ఏళ్లకు పెంచితే ఈఎంఐ 38,446కు దిగుతుంది. నెలకు 4,945 రూపాయలు మిగిలినందుకు అదనంగా కట్టే వడ్డీ 34 లక్షల 26 వేలు. అదే 15 ఏళ్లకు కుదిస్తే ఈఎంఐ 49,237 అవుతుంది, మొత్తం వడ్డీ 38 లక్షల 63 వేలకు పడిపోతుంది. నెలకు దాదాపు 5,850 రూపాయలు ఎక్కువ కట్టగలిగితే పదిహేనున్నర లక్షలు మిగులుతాయన్నమాట. ఫ్లాటు అమ్మేవాళ్ల కరపత్రాల్లో ‘నెలకు ఇంతే’ అని పెద్ద అక్షరాల్లో ఉంటుంది. ఎన్ని నెలలన్నది కింద సన్నగా ఉంటుంది.

రేటు మారినప్పుడు

భారతదేశంలో చాలా గృహరుణాలు మారే రేటువి. అమెరికాలో స్థిరపడిన తెలుగువాళ్లు అక్కడ 30 ఏళ్లకూ ఒకే రేటుతో అప్పు తీసుకుని, హైదరాబాద్‌లోనో విజయవాడలోనో కొన్న ఫ్లాటు అప్పును కూడా అలాగే ఊహించుకోవడం కద్దు. ఇక్కడ సంగతి వేరు.

రేటును నిర్ణయించే పద్ధతి కూడా చాలాసార్లు మారింది. 2010 జులైలో బేస్ రేటు, 2016 ఏప్రిల్‌లో ఎంసీఎల్ఆర్ వచ్చాయి. రెండూ బ్యాంకు లోపలి లెక్కలే కావడంతో రిజర్వు బ్యాంకు రేటు తగ్గించినా ఆ లాభం పాత ఖాతాదారుకు నత్తనడకన చేరేది. 2019 అక్టోబర్ 1 నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే మారే రేటు గృహరుణాలను రెపో రేటు (రిజర్వు బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రేటు) వంటి బయటి ప్రమాణానికి ముడిపెట్టాలి, కనీసం మూడు నెలలకోసారి సవరించాలి. రెపోకు బ్యాంకు తన మార్జిన్ కలిపితే మన రేటు. ఆ మార్జిన్ క్రెడిట్ స్కోరును బట్టి మారుతుంది. గృహరుణ సంస్థలకు ఈ బయటి ప్రమాణం నిబంధన లేదు, అవి సొంత ప్రధాన రుణ రేటు మీద నడుస్తాయి. అక్కడ కొత్తగా వచ్చినవాడికి తక్కువ రేటు, పదేళ్ల నాటి ఖాతాదారుకు ఎక్కువ రేటు ఉండటం వింతేమీ కాదు. పాతవాళ్లు మార్పిడి రుసుము కట్టి కొత్త రేటుకు రావాలి, అదీ అడిగితేనే.

రేటు పెరిగినప్పుడు సాధారణంగా ఈఎంఐ పెరగదు, గడువు పెరుగుతుంది. అప్పులో ఇంత మెత్తగా పడే దెబ్బ మరొకటి లేదు. మన 50 లక్షల అప్పు మొదట్లోనే 8.5 నుంచి 9.5 శాతానికి పెరిగి, ఈఎంఐ అలాగే ఉంచితే 240 నెలలు 309 నెలలవుతాయి. ఒక్క శాతానికి దాదాపు ఆరేళ్లు. ఖాతాలోంచి ఎప్పటిలాగే 43,391 పోతుంది కాబట్టి ఇంట్లో ఎవరికీ ఏమీ తెలియదు.

2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు రెపో 4 శాతం నుంచి 6.5కు ఎక్కింది. అంతకు ముందు 6.7 శాతానికి 50 లక్షలు తీసుకున్న వ్యక్తిని తీసుకుందాం. 20 ఏళ్ల గడువుకు ఈఎంఐ 37,870. ఒక ఏడాది కట్టాక బాకీ 48 లక్షల 77 వేలు. అప్పుడు రేటు ఒక్కసారిగా రెండున్నర శాతం పెరిగి 9.2 అయిందనుకుంటే, ఆ నెల వడ్డీయే 37,389 రూపాయలు. అసలుకు జమ అయ్యేది 481. ఆ వేగంతో అప్పు తీరడానికి 47 ఏళ్లు పైగా పడుతుంది. ఇంకాస్త పెరిగితే వాయిదా వడ్డీకే చాలదు, అప్పు కరగాల్సింది పోయి పెరుగుతుంది.

ఇలాంటివి పెరిగాకే 2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు ఉత్తర్వులిచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంతా అన్నది ఖాతాదారును అడగాలి. గడువు పెంచినా వాయిదా వడ్డీకి చాలని స్థితి రాకూడదు. కట్టిన అసలు, కట్టిన వడ్డీ, మిగిలిన వాయిదాలు, వార్షిక రేటు చూపే పట్టీ మూడు నెలలకోసారి అందుబాటులో ఉంచాలి. ఆ పట్టీలో మొదట చూడాల్సింది మిగిలిన వాయిదాల సంఖ్య. 2025 ఫిబ్రవరి, ఏప్రిల్, జూన్ నెలల్లో రెపో మొత్తం ఒక శాతం తగ్గి 5.5కు వచ్చినప్పుడు, ఈఎంఐ తగ్గించమని అడగకుండా పాత వాయిదానే కొనసాగించినవాళ్ల గడువు కొంత వెనక్కి తగ్గింది.

ముందుగా కట్టడం

మారే రేటు గృహరుణాన్ని ముందే తీర్చేస్తే బ్యాంకులు జరిమానా వేయకూడదని రిజర్వు బ్యాంకు 2012లో ఆదేశించింది. ఖర్చు తగ్గించుకోవడానికి ఖాతాదారు చేతిలో ఉన్న అన్నిటికన్నా పెద్ద సాధనం ఇదే. అయితే ఎప్పుడు కట్టామన్నది చాలా ముఖ్యం.

మొదటి ఏడాది చివర బోనసో, ఊళ్లో స్థలం అమ్మిన డబ్బో 5 లక్షలు కట్టి ఈఎంఐ మార్చకుండా ఉంచితే అప్పు నాలుగేళ్లు ముందే తీరుతుంది, వడ్డీలో మిగులు సుమారు 16 లక్షలు. అదే 5 లక్షలు పదిహేనో ఏడాది చివర కడితే మిగిలేది 2 లక్షల 22 వేలే. పెద్ద మొత్తాలు దొరకనివాళ్లు ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కట్టినా 16 సంవత్సరాల 9 నెలల్లో బయటపడతారు, వడ్డీ 10 లక్షలకు పైగా తగ్గుతుంది. ఇలా కట్టినప్పుడు బ్యాంకు ‘గడువు తగ్గించాలా, ఈఎంఐ తగ్గించాలా’ అని అడుగుతుంది. ఈఎంఐ తగ్గిస్తే ప్రాణానికి హాయి, గడువు తగ్గిస్తే వడ్డీ మిగులు.

ఆత్రంగా చేతిలోని డబ్బంతా ఊడ్చి కట్టేయడం మాత్రం మంచిది కాదు. ఆసుపత్రి ఖర్చు వచ్చిపడితే 71 పైసల అప్పు తీర్చిన చేత్తోనే రెండు రూపాయల అప్పు తేవాల్సి వస్తుంది.

అప్పు పక్కనుండే ఖర్చులు

ఇంటి ధర మొత్తం అప్పుగా రాదు. 30 లక్షల దాకా అప్పుకు ఆస్తి విలువలో 90 శాతం, 75 లక్షల దాకా 80, ఆపైన 75 శాతం పరిమితి. స్టాంపు, రిజిస్ట్రేషన్ ఖర్చులు, 10 లక్షల లోపు ఇళ్లకు తప్ప, ఆ విలువలో కలపరు. ఆంధ్రప్రదేశ్‌లో ఇవన్నీ కలిపి 7.5 శాతం. తెలంగాణలో 2021 జులై దాకా 6 శాతం, ఆ తర్వాత అక్కడా 7.5. నిర్మాణంలో ఉన్న ఫ్లాటుకు 5 శాతం జీఎస్టీ అదనం, చౌక గృహాలకైతే ఒక శాతం. ఈ డబ్బు కోసం వ్యక్తిగత రుణం తీసుకునేవాళ్లకు ఇంటి అప్పు ఖర్చు చెప్పిన రేటు దగ్గర ఆగదు.

ప్రాసెసింగ్ ఫీజు అర శాతం అనుకుంటే 25,000 రూపాయలు, దాని మీద 18 శాతం జీఎస్టీ. లాయరు అభిప్రాయం, ఆస్తి విలువ కట్టడం, తనఖా రిజిస్ట్రేషన్ ఖర్చులు వేరు. అప్పుతో పాటు అంటగట్టే ఒకే ప్రీమియం బీమాను మరింత జాగ్రత్తగా చూడాలి. లక్ష రూపాయల ప్రీమియాన్ని అప్పులోనే కలిపితే 20 ఏళ్లలో దానికి కట్టేది 2 లక్షల 8 వేలు. కుటుంబం మీద బాకీ పడకుండా బీమా అవసరమే. అదే చోట, అదే పద్ధతిలో కొనాల్సిన అవసరం లేదు. 2024 అక్టోబర్ 1 నుంచి కొత్త అప్పులకు ఇలాంటి రుసుములన్నీ కలిపిన వార్షిక శాతాన్ని ముఖ్య వివరాల పత్రంలో ముందే చూపాలి. రెండు బ్యాంకులను పోల్చాలంటే ఆ అంకెను పోల్చాలి.

నిర్మాణంలో ఉన్న ఫ్లాటుకు ‘ప్రీ ఈఎంఐ’ అనేది ఇంకొకటి. బిల్డరుకు విడుదలైన సొమ్ము మీద వడ్డీ మాత్రమే కడతాం, అసలు కదలదు. 30 లక్షలు విడుదలై రెండేళ్లు ఆగితే 5 లక్షల 10 వేలు వడ్డీ కింద పోతుంది. ఈలోగా ఉంటున్న ఇంటి అద్దె కూడా కట్టాలి. తాళాలు చేతికొచ్చే తేదీ జరిగే కొద్దీ ఇది సాగుతుంది.

పన్ను మినహాయింపు, రూపాయి విలువ

పాత పన్ను విధానంలో సొంతంగా ఉంటున్న ఇంటి వడ్డీకి ఏడాదికి 2 లక్షల దాకా మినహాయింపు ఉంది. మన అప్పుకు మొదటి ఏడాది వడ్డీ 4 లక్షల 21 వేలు, అంటే సగానికి పైగా దాని బయటే. 30 శాతం శ్లాబులో ఉన్నవాళ్లకు సెస్సుతో కలిపి మిగిలేది 62,400 రూపాయలు. కొత్త విధానంలో సొంత ఇంటికి ఇదీ లేదు. మినహాయింపు కోసం అప్పు ఉంచుకోమని చెప్పే సలహా, రూపాయి వడ్డీ కట్టి ముప్పై పైసలు వెనక్కి తెచ్చుకోమనడమే.

ఇన్ని చెప్పాక, 54 లక్షల వడ్డీ అన్న అంకె కూడా పూర్తి నిజం కాదని ఒప్పుకోవాలి. ఇరవయ్యో ఏట కట్టే రూపాయి ఈనాటి రూపాయి కాదు. ధరలు ఏడాదికి 5 శాతం పెరుగుతాయనుకుంటే చివరి ఈఎంఐ 43,391 విలువ ఈనాటి లెక్కలో 16,350. అన్ని వాయిదాలనూ అలా ఈనాటి విలువకు తెస్తే 1 కోటి 4 లక్షలు కాస్తా సుమారు 66 లక్షలవుతుంది. జీతం ధరలతో పాటు పెరిగేవాళ్లకు మొదటి ఐదారేళ్లు కష్టం, తర్వాత వాయిదా తేలికవుతుంది. పెరగని ఆదాయంతో నెట్టుకొచ్చేవాళ్లకు ఈ ఊరట దొరకదు.

అప్పు తీరిన రోజు

చివరి వాయిదా కట్టాక 30 రోజుల్లో దస్తావేజులు తిరిగి ఇవ్వాలి. బ్యాంకు తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయల చొప్పున పరిహారం ఇవ్వాలన్నది 2023 డిసెంబర్ 1 నుంచి నిబంధన. కాగితాలు చేతికొచ్చినా పని అయిపోదు. సబ్ రిజిస్ట్రార్ కార్యాలయంలో తనఖా నమోదై ఉంటే దాని రద్దు కూడా నమోదు కావాలి. లేకపోతే ఎన్నాళ్ల తర్వాత ఈసీ (ఆస్తి మీది భారాలు చూపే ధ్రువపత్రం) తీసినా, తీరిపోయిన అప్పు అందులో కనిపిస్తూనే ఉంటుంది.