టెలిఫోన్ బిల్లుల వివాదాలు: వ్యాపార సంస్థలకు న్యాయ మార్గాలు

వివాదాస్పద టెలిఫోన్ బిల్లులపై 1885 నాటి భారత టెలిగ్రాఫ్ చట్టంలోని 7-బి సెక్షన్ ప్రకారం మధ్యవర్తిని మాత్రమే ఆశ్రయించాలని, వినియోగదారుల ఫోరాలకు విచారణాధికారం లేదని సుప్రీంకోర్టు 2009లో కేరళకు చెందిన ఒక కేసులో తీర్పు వెలువరించింది. మధ్యవర్తి నిర్ణయమే అంతిమం. దానిపై అప్పీలు లేదు. హైకోర్టులో రిట్ దాఖలు చేయడమే మిగిలిన మార్గం.

నెలకు సగటున 555 రూపాయల బిల్లు వచ్చే చందాదారునికి 24,609 రూపాయల బిల్లు పంపిన గుజరాత్ కేసులో 2022 ఫిబ్రవరి 16న త్రిసభ్య ధర్మాసనం భిన్నమైన తీర్పునిచ్చింది. 7-బి సెక్షన్ ఉన్నప్పటికీ వినియోగదారుల కమిషన్‌ను ఆశ్రయించే హక్కు చందాదారునికి ఉంటుందని స్పష్టం చేసింది.

అయితే వాణిజ్య ప్రయోజనం కోసం సేవలు పొందినవారు 2003 మార్చి 15 నుండి వినియోగదారుల నిర్వచనం పరిధిలోకి రారు. సేవకు, లాభార్జనకు ప్రత్యక్ష సంబంధం ఉన్నదా అన్నదే ఇందుకు గీటురాయి అని సుప్రీంకోర్టు 2019లో వివరించింది. వాణిజ్య ప్రయోజనాన్ని నిరూపించే బాధ్యత సేవలందించిన సంస్థదేనని 2024లో తీర్పునిచ్చింది. కావున వ్యాపారి అన్న కారణంతోనే ఫిర్యాదును తోసిపుచ్చడానికి వీలులేదు.

వివాదం తలెత్తిన నాటి నుండి 2 సంవత్సరాలలోగా కమిషన్‌కు ఫిర్యాదు చేయవలసి ఉంటుంది. పాత బిల్లులు, చెల్లింపు రసీదులు, కాల్ వివరాలు, సంస్థకు ఇచ్చిన లిఖితపూర్వక ఫిర్యాదు ప్రతిని భద్రపరచుకోవడం అవసరం.