క్వాష్ పిటిషన్: అట్రాసిటీ కేసును హైకోర్టు ఎప్పుడు కొట్టేస్తుంది?

కోనసీమలో ఏ పేట నుంచి అట్రాసిటీ కేసు పెట్టినా నిందితులు హైకోర్టులో క్వాష్ పిటిషన్ వేయొచ్చు. "ఆరోపణలకు ఆధారాల్లేవు, కొట్టేయండి" అని అడగొచ్చు. ఆ ఒక్క మాటతో కేసు పోదు. కానీ ఫిర్యాదులో రాయాల్సింది రాయకపోతే పోవచ్చు.

అధికారం ఎక్కడిది?

ఇది హైకోర్టుకున్న ప్రత్యేకాధికారం. అప్పట్లో సీఆర్‌పీసీ 482వ సెక్షన్ కింద ఉండేది, 2024 జులై 1 నుంచి బీఎన్‌ఎస్‌ఎస్ 528వ సెక్షన్ కిందికి వచ్చింది. ఎలాంటి కేసులు కొట్టేయొచ్చో సుప్రీంకోర్టు 1990లో భజన్‌లాల్ కేసులో ఏడు సందర్భాలుగా చెప్పింది. వాటిలో ముఖ్యమైనవి:

- ఫిర్యాదులోని ప్రతి మాటా నిజమనుకున్నా నేరం కనిపించకపోవడం
- ఇంగితం ఉన్న ఎవరూ నమ్మలేని ఆరోపణలు
- చట్టమే ఆ కేసును అడ్డుకోవడం
- కేవలం కక్షతో పెట్టిన కేసు

సాక్ష్యం బలంగా ఉందా, లేదా అని తూచడం విచారణ కోర్టు పని. దర్యాప్తును మొదట్లోనే ఆపేయడం మామూలు కాకూడదని 2021లో నీహారిక కేసులో సుప్రీంకోర్టు మళ్లీ చెప్పింది.

అట్రాసిటీ కేసుల్లో ఎక్కడ చిక్కు?

చోటు: కులం పేరుతో అవమానించిన నేరానికి అది నలుగురి కంటా పడే చోట జరగాలి. నాలుగు గోడల మధ్య, బయటివాళ్లు లేనప్పుడు జరిగిందన్న కారణంతో 2020లో హితేశ్ వర్మ కేసులో ఆ సెక్షన్‌ను కొట్టేశారు, మిగతా నేరాలపై కేసు నడిచింది. ఇంటి గేటు దగ్గర తిడితే మాత్రం అది నలుగురికీ కనిపించే చోటేనని 2008లో స్వరణ్‌సింగ్ కేసులో తేల్చారు.

రాజీ: తగాదా ప్రధానంగా ఆస్తిదో, వ్యక్తిగతమో అయితే రాజీతో అట్రాసిటీ కేసునూ కొట్టేయొచ్చని 2021లో రామావతార్ కేసు చెప్పింది. బాధితులు ఒత్తిడి లేకుండా ఒప్పుకున్నారా అన్నది కోర్టు చూడాలి. పెద్దల పంచాయితీలో సంతకం పెట్టే ముందు ఇది గుర్తుండాలి.

మతం: క్రైస్తవం స్వీకరించి పాస్టర్‌గా ఉన్న వ్యక్తి పెట్టిన కేసును ఆంధ్రప్రదేశ్ హైకోర్టు 2025 ఏప్రిల్ 30న కొట్టేసింది. ప్రార్థనకు వెళ్లే పేటలకు ఇది నేరుగా తగిలే తీర్పు.

మనం చేయాల్సింది

ఫిర్యాదులో తేదీ, వేళ, స్థలం, అన్న మాటలు ఉన్నవి ఉన్నట్టు రాయించాలి. ఎవరు చూశారో, ఎవరు విన్నారో పేర్లతో చెప్పాలి. "కులం పేరుతో దూషించారు" అని ఒక్క ముక్కతో సరిపెట్టకూడదు. జరగనిది చేర్చినా కేసుకే చేటు.

హైకోర్టు నోటీసు వస్తే పక్కన పడేయొద్దు. అట్రాసిటీ చట్టం 15ఏ సెక్షన్ బాధితులకు నోటీసు పొందే హక్కు, వాదన వినిపించే హక్కు ఇచ్చింది. బెయిల్ విషయంలో ఆ నోటీసు తప్పనిసరని 2021లో హరిరామ్ భాంభీ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. క్వాష్ పిటిషన్‌లోనూ ఆ సెక్షన్ చూపించి వాదన వినమని అడగాలి.

దళితుల మీద కక్షతో పెట్టే ఎదురు కేసులకూ ఇదే దారి ఉంది. భజన్‌లాల్ సూత్రాలు మనకూ పనికొస్తాయి.

రామచంద్రపురం మండలం వెంకటాయపాలెంలో 1996 డిసెంబరు 29న దళిత యువకులకు శిరోముండనం చేశారు. ఆ కేసులో విశాఖ ప్రత్యేక కోర్టు 2024 ఏప్రిల్ 16న ఎమ్మెల్సీ తోట త్రిమూర్తులు సహా నిందితులకు 18 నెలల జైలు శిక్ష వేసింది. ఆ తీర్పు రావడానికి 27 ఏళ్లు దాటింది. కేసు మధ్యలోనే ముగిసిపోయి ఉంటే సాక్షులు చెప్పేది వినే కోర్టే ఉండేది కాదు.